డెడికాకి బాటమ్‌లెస్ పోర్టాఫిల్టర్: 51 అని రాసి ఉంటే చాలా? అసలు ఇప్పుడే కొనాలా?

శ్రీను_నిజాంపేట

అందరికీ నమస్తే. మా ఇంట్లో డెలాంగి డెడికా ఈసీ685 ఎస్ప్రెస్సో మెషిన్ ఉంది. దాంతోపాటు వచ్చిన బాస్కెట్లు (కాఫీ పొడి వేసే చిన్న గిన్నెలు) అన్నీ ప్రెషరైజ్డ్‌వే. లోపలి నుంచి చూస్తే జల్లెడలా ఉంటాయి కానీ కాఫీ బయటికి వచ్చేది మాత్రం అడుగున ఉన్న ఒక్క సన్నటి కన్నంలోంచే. నురగ బాగానే వస్తోంది. కానీ అరకు గింజల పొడి వేసినా, చిక్కమగళూరుది వేసినా రుచిలో పెద్ద తేడా తెలియడం లేదు.

ఆన్‌లైన్‌లో 51 మి.మీ. బాటమ్‌లెస్ పోర్టాఫిల్టర్లు, అంటే బాస్కెట్‌ని పట్టుకునే అడుగు లేని హ్యాండిళ్ళు, కుప్పలుగా కనిపిస్తున్నాయి. మెషిన్‌లో బిగించే చెవులు కొన్నిటికి రెండు, కొన్నిటికి మూడు. అన్నిటి మీదా 51 అనే ఉంది. ఏదైనా పట్టేస్తుందా? పట్టినా, ఇప్పుడు కొనడం వల్ల ఉపయోగం ఉందా? గ్రైండర్ ఇంకా కొనలేదు, రోస్టర్ దగ్గరే ఎస్ప్రెస్సోకి పొడి పట్టించుకుని తెచ్చుకుంటున్నాను.

గుంటూరు_ఘాటు

కొనేయండి శ్రీను గారూ, ఆలోచించకండి. మూడు చెవులది తీసుకోండి, డెడికాకి అదే. కాఫీ దిగే మూతి ఉన్న మీ పాత హ్యాండిల్‌తో ఎన్నాళ్ళు చేసినా లోపల ఏం జరుగుతోందో మీకు కనిపించదు. బాటమ్‌లెస్‌లో అడుగంతా తెరిచి ఉంటుంది కాబట్టి అన్నీ కళ్ళ ముందే. ముందు అంచు చుట్టూ నల్లటి చుక్కలు పుడతాయి, తర్వాత మధ్యకి పాకుతాయి, అన్నీ కలిసి ఒకే ధారగా దిగుతాయి. పొడి ఒక పక్క పల్చగా, ఒక పక్క గట్టిగా ఉంటే పల్చటి చోటు నుంచి నీళ్ళు దూసుకొచ్చి చొక్కా మీద చిమ్ముతాయి. అంటే పొడి సర్దడంలో తేడా ఎక్కడుందో అక్కడికక్కడే తెలిసిపోతుంది. ఇంతకన్నా మంచి గురువు ఉండడు.

ఇంకోటి. మూతి లోపలి మలుపుల్లో కాఫీ నూనె పేరుకుంటుంది, బ్రష్ అక్కడికి పోదు. నాలుగు రోజులు వదిలేస్తే కాఫీకి ముక్కిపోయిన వాసన వస్తుంది. బాటమ్‌లెస్ అయితే ట్యాప్ కింద పెట్టి తిప్పితే చాలు.

గ్రైండర్_ముందు

ఘాటు గారూ, ఆయన గ్రైండర్ లేదని స్పష్టంగా రాశారు. పొడి పట్టించుకుని తెచ్చుకునే మనిషికి బాటమ్‌లెస్ కొనమని సలహా ఇవ్వడం న్యాయం కాదు.

ప్రెషరైజ్డ్ బాస్కెట్‌లో ఒత్తిడి పుట్టించేది ఆ సన్నటి కన్నం. పొడి కాస్త బరకగా ఉన్నా, పాతబడినా నురగ వస్తుంది, కాఫీ తాగేలా ఉంటుంది. సింగిల్ వాల్ బాస్కెట్‌లో ఆ కన్నం ఉండదు, నీళ్ళని ఆపాల్సింది పొడే. పొడి మెత్తదనం సరిగ్గా కుదరకపోతే పది సెకన్లలో నీళ్ళు జర్రున దిగిపోతాయి. వచ్చేది పల్చగా, పుల్లగా ఉంటుంది. 15 గ్రాముల పొడికి 30 గ్రాముల కాఫీ, 25 నుంచి 30 సెకన్లు: అక్కడి నుంచి మొదలుపెట్టి రుచిని బట్టి సర్దుకోవాలి. ఆ సర్దుబాటు గ్రైండర్‌లో ఒక్కో మెట్టు మారుస్తూ చేయాలి. సీల్ చేసిన ప్యాకెట్‌లో వచ్చిన పొడిని ఏం మారుస్తారు? పైగా గింజ వేయించాక రోజులు గడిచేకొద్దీ కావాల్సిన మెత్తదనం కూడా మారుతూ ఉంటుంది.

ఆ డబ్బుకి ఇంకొంత కలిపి ముందు ఒక మంచి చేతి గ్రైండర్ తీసుకోండి. ఎస్ప్రెస్సోకి సరిపడా సన్నటి మెట్లు ఉన్నదే తీసుకోవాలి. టైమ్‌మోర్‌లో మామూలు సీ2 కాదు, సీ3 ఈఎస్‌పీ లాంటిది. కింగ్రైండర్ కే6 కూడా పనికొస్తుంది.

వైజాగ్_వెర్నియర్

గ్రైండర్ గొడవ మీరు తేల్చుకోండి. శ్రీను గారి మొదటి ప్రశ్నకి ఎవరూ సరిగ్గా జవాబు చెప్పలేదు. నేను మెకానికల్‌ వాణ్ణి కాబట్టి దాని గురించి కాస్త వివరంగా చెప్తాను.

51 అన్నది బాస్కెట్ పై కొలత. మెషిన్‌కి పోర్టాఫిల్టర్‌ని పట్టి ఉంచేది బాస్కెట్ కాదు, చెవులు. గ్రూపు (మెషిన్‌లో పోర్టాఫిల్టర్ బిగించే చోటు) లోపల వాలుగా గాడులు ఉంటాయి. హ్యాండిల్‌ని ఎడమ నుంచి కుడికి తిప్పుతుంటే చెవులు ఆ వాలు వెంట పైకి జరిగి బాస్కెట్ అంచుని గ్యాస్కెట్‌కి అదిమి పెడతాయి. కాబట్టి చూడాల్సినవి ఇవి: చెవులు ఎన్ని, ఒక చెవి కొస నుంచి ఎదుటి అంచు దాకా వెడల్పు ఎంత, చెవి మందం ఎంత, బాస్కెట్ అంచు నుంచి చెవి పైభాగం ఎంత కిందికి ఉంది. చివరి రెండూ ఎవరూ అడగరు, సమస్యలన్నీ వచ్చేది వాటితోనే. చెవి మందం ఎక్కువైతే గాడిలోకి దూరదు. తక్కువైతే హ్యాండిల్ మధ్య గీత దాటి కుడి పక్కకి వెళ్ళిపోతుంది, అయినా అంచు గట్టిగా అదమదు, పక్కల నుంచి నీళ్ళు కారతాయి.

రెండు ఐదు లీటర్ల కుక్కర్లు పక్కపక్కన పెట్టండి, ఒకదాని మూత రెండోదానికి పట్టదు కదా. ఇదీ అంతే.

58 మి.మీ. లోకంలో కూడా ఇదే కథ. గాజియా క్లాసిక్, రాన్సిలియో సిల్వియా, ఈ61 అనే రకం గ్రూపు ఉన్న మెషిన్లు అన్నీ 58వే. వాటి బాస్కెట్లు చాలావరకు ఒకదానివి ఇంకోదానికి సరిపోతాయి. పోర్టాఫిల్టర్లు మాత్రం చెవుల దగ్గర తేడా వచ్చి ఆగిపోతాయి. మీ దానికి మూడు చెవులది కావాలి. అది కూడా ఈసీ685 అని మోడల్ నంబరు రాసినదే తీసుకోండి. "అన్ని 51 మెషిన్లకీ సరిపోతుంది" అని రాసి ఉంటే దాని జోలికి పోవద్దు.

గుంటూరు_ఘాటు

వెర్నియర్ గారూ, మంచి మాట చెప్పారు. కానీ కాస్త భయపెడుతున్నారేమో అనిపిస్తోంది. మూడు చెవులున్నవి డెడికాకని అమ్మేవే ఎక్కువ. మా ఇంట్లో అలాంటిదే, ఏ ఇబ్బందీ లేదు. కాస్త బిగుతుగా ఉంటే నాలుగు రోజులకి సర్దుకుంటుంది.

వైజాగ్_వెర్నియర్

భయపెట్టడం కాదండీ, లెక్క చెప్తాను. ఎస్ప్రెస్సోకి 9 బార్ల ఒత్తిడి అంటారు. అంటే చదరపు సెంటీమీటరుకి 9 కిలోల పైమాట. 51 మి.మీ. బాస్కెట్ పైభాగం 20 చదరపు సెంటీమీటర్లు దాటుతుంది. గుణిస్తే 185 కిలోల చుట్టూ తేలుతుంది. షాట్ దిగే ఆ అర నిమిషం అంత బరువు పోర్టాఫిల్టర్‌ని కిందికి తోస్తుంటే, ఆపేది ఆ మూడు చెవులే. 58కి అయితే అది 240 దాకా వెళ్తుంది. చెవి సగమే గాడిలో కూర్చుంటే ఏమవుతుందో ఊహించండి. వేడి నీళ్ళతో సహా హ్యాండిల్ ఊడి పడుతుంది.

"బిగుతుగా ఉంటే సర్దుకుంటుంది" అన్నది కూడా కొంతవరకే నిజం. కొత్త గ్యాస్కెట్ అయితే హ్యాండిల్ కాస్త ఎడమవైపే ఆగుతుంది, వాడకంతో మధ్యకి వస్తుంది. అది మంచి లక్షణమే. కానీ మెషిన్‌ని ఇంకో చేత్తో పట్టుకుని బలమంతా పెడితే తప్ప తిరగకపోతే అది గ్యాస్కెట్ బిగుతు కాదు, చెవి మందం. అలా బలవంతం చేస్తే గాడులు అరిగేది మెషిన్‌లో. పోర్టాఫిల్టర్ పోతే ఇంకోటి వస్తుంది, గ్రూపు పోతే మెషిన్ విప్పాలి.

డాలస్_పద్మ

నాది బ్రెవిల్ బారిస్టా ఎక్స్‌ప్రెస్, 54 మి.మీ. అందుకే నా మాట వేరే కోణం నుంచి. మా డబ్బాలో సింగిల్ వాల్, డబుల్ వాల్ (అంటే ప్రెషరైజ్డ్) బాస్కెట్లు రెండు రకాలూ వచ్చాయి. హ్యాండిల్ ఒకటే. గింజలు అవే, గ్రైండర్ అదే. డబుల్ వాల్ తీసి సింగిల్ వాల్ పెట్టి, పొడి కాస్త మెత్తగా పట్టాక రుచి పూర్తిగా మారిపోయింది. హ్యాండిల్ మాత్రం మార్చనే లేదు.

అందుకే ఘాటు గారితో నేను ఏకీభవించను. కాఫీని మార్చేది బాస్కెట్. పోర్టాఫిల్టర్ దాన్ని పట్టుకునే చట్రం మాత్రమే. అడుగు కోసేసినంత మాత్రాన రుచి పెరగదు. తప్పు ఎక్కడుందో కనిపిస్తుంది, అంతే. శ్రీను గారికి కావాల్సింది సింగిల్ వాల్ బాస్కెట్. అది ఉన్న హ్యాండిల్‌లోనే కూర్చుంటే కొత్త హ్యాండిల్ దేనికి?

గుంటూరు_ఘాటు

పద్మక్కా, బ్రెవిల్‌కి అది చెల్లుతుంది, డబ్బాలోనే వచ్చాయి కాబట్టి. డెడికాకి సింగిల్ వాల్ బాస్కెట్ విడిగా వెతికి, అది ఉన్న హ్యాండిల్‌లో అడుగుకి తగలకుండా కూర్చుంటుందా లేదా చూసుకుని కొనాలి. లోతైన బాస్కెట్ మూతి ఉన్న హ్యాండిల్‌లో అడుగు తగిలి పైకి లేస్తుంది, అంచు కూర్చోదు. బాటమ్‌లెస్‌కి ఆ బాధ లేదు, ఎంత లోతుదైనా కిందికి దిగుతుంది. పైగా మూతి లేకపోవడం వల్ల కప్పుకి ఎత్తు కూడా కలిసొస్తుంది.

డాలస్_పద్మ

అది ఒప్పుకుంటాను. లోతు సంగతి నిజమే. అయితే బాటమ్‌లెస్ హ్యాండిల్, సింగిల్ వాల్ బాస్కెట్ కలిపి వచ్చే సెట్ కొనండి, కానీ అందులోని బాస్కెట్ కోసం కొంటున్నామని తెలిసి కొనండి. సెట్‌తో వచ్చే బాస్కెట్లు కొన్ని మరీ నాసిగా ఉంటాయి. వెలుతురుకి ఎత్తి పట్టుకుంటే కన్నాలు ఒకేలా ఉన్నాయో లేదో కనిపిస్తుంది, కొన్ని చోట్ల మూసుకుపోయి కూడా ఉంటాయి. అలాంటిది వస్తే ఎంత బాగా సర్దినా ఒక పక్కే కారుతుంది, మనం మన చేతిని తిట్టుకుంటాం.

తెనాలి_కోడలు

ఒక ముఖ్యమైన మాట ఎవరూ అనలేదు. శ్రీను గారూ, మీ ఇంట్లో ఆ మెషిన్‌లో ఫిల్టర్ కాఫీ పొడి కూడా వేస్తారా? మా ఇంట్లో అత్తయ్య గారికి చికోరీ లేకపోతే అది కాఫీయే కాదు. చికోరీ కలిపిన పొడిని సింగిల్ వాల్‌లో వేయకండి. చికోరీ నీళ్ళలో కాఫీ కన్నా చాలా ఎక్కువ కరుగుతుంది. పొడి కట్ట మధ్యలో కుంగిపోతుంది, మిగిలింది జిగటగా బాస్కెట్ కన్నాలకి పట్టుకుంటుంది. కాబట్టి ఏది కొన్నా పాత హ్యాండిల్ పారేయకండి. ఇంట్లో వాళ్ళకి అదే ఉంచండి, అడుగు కన్నం మాత్రం వాడిన వెంటనే కడిగి, సూదితో శుభ్రం చేస్తూ ఉండాలి.

గ్రైండర్_ముందు

అక్కా, నా మాట వింటే చికోరీ పొడిని అసలు మెషిన్‌లోనే వేయొద్దు. ఆ జిగట షవర్ స్క్రీన్ (పైనుంచి పొడి మీదికి నీళ్ళు వదిలే జల్లెడ) వెనక్కి కూడా చేరుతుంది. ఫిల్టర్ కాఫీకి స్టీల్ ఫిల్టర్ ఉంది, డికాక్షన్ దాంట్లోనే బాగా దిగుతుంది. దాని పని దాన్ని చేయనివ్వండి.

తెనాలి_కోడలు

డెబ్భై ఏళ్ళ మనిషి పొద్దున్నే లేచి బటన్ నొక్కి కాఫీ చేసుకోగలుగుతోంది, ఆవిడకి అది ఎంతో సంతోషం. షవర్ స్క్రీన్ నేను తుడుచుకుంటాను తమ్ముడూ. ఆవిడ చేతిలోంచి ఆ హ్యాండిల్ మాత్రం తీసుకోను.

శ్రీను_నిజాంపేట

అందరికీ చాలా థ్యాంక్స్. మా ఇంట్లో కూడా అమ్మది చికోరీ కాఫీయే, తెనాలి గారి మాట నాకు బాగా నచ్చింది. పాతది అలాగే ఉంచుతాను.

నా నిర్ణయం: ముందు చేతి గ్రైండర్, ఆ తర్వాతే మూడు చెవుల సెట్. ఇంకో రెండు సందేహాలు. అల్యూమినియందా, స్టీల్‌దా? పొడిని అదిమే ట్యాంపర్ 51 తీసుకోవాలా?

వైజాగ్_వెర్నియర్

స్టీల్ తీసుకోండి. అల్యూమినియం తేలిక, కానీ డిష్‌వాషర్‌లో పడితే నల్లబడి పొడి రాలుతుంది. స్టీల్ బరువు కాబట్టి వేడెక్కడానికి టైమ్ పడుతుంది. డెడికాలో నీళ్ళు వేడిచేసే థర్మోబ్లాక్ నిమిషం లోపే సిద్ధమవుతుంది, పోర్టాఫిల్టర్ మాత్రం చల్లగానే ఉంటుంది. పొడి వేయకుండా హ్యాండిల్ బిగించి ఒకసారి వేడి నీళ్ళు వదలండి, తడి తుడిచి అప్పుడు పొడి వేయండి. లేకపోతే మొదటి షాట్ పుల్లగా వస్తుంది, గ్రైండర్‌ని అనుమానిస్తారు.

ట్యాంపర్ ఇప్పుడే కొనకండి. బాస్కెట్ చేతికి వచ్చాక, పొడి ఎంత ఎత్తు వరకు వస్తుందో అక్కడ లోపలి వ్యాసం కొలవండి. చాలా బాస్కెట్లు కిందికి పోయేకొద్దీ సన్నబడతాయి, పైన 51 ఉన్నా లోపల ఉండదు. బ్రెవిల్ 54కి చాలామంది 53.3 ట్యాంపర్ వాడేది అందుకే. ఇంకా, హ్యాండిల్‌లో బాస్కెట్‌ని పట్టి ఉంచే స్ప్రింగ్ తీగ ఉంటుంది, అది వదులుగా ఉందేమో వచ్చిన రోజే చూడండి. వదులైతే పిప్పి తట్టేటప్పుడు బాస్కెట్ కూడా చెత్తబుట్టలో పడుతుంది.

గుంటూరు_ఘాటు

శ్రీను గారూ, గ్రైండర్ ముందు అన్నది మీ ఇష్టం. నా మాట మాత్రం మార్చుకోను: రెండూ ఒకేసారి తీసుకోండి. గ్రైండర్ వచ్చినా ప్రెషరైజ్డ్ బాస్కెట్‌లో వేస్తుంటే, మెట్టు మార్చినప్పుడు ఏం మారిందో మీకు ఎలా తెలుస్తుంది? ఆ కన్నం అన్నిటినీ ఒకేలా చేసి పంపిస్తుంది. మొదట మీరు అడిగింది కూడా అదే కదా.

గ్రైండర్_ముందు

ఇది మాత్రం సరైన మాట. గ్రైండర్ ఆర్డర్ పెట్టిన రోజే ఆ సెట్ కూడా పెట్టేయండి శ్రీను గారూ. ఈసీ685 అని రాసి ఉందో లేదో చూసుకుని, తిరిగి పంపే వీలున్న అమ్మకందారు దగ్గరే తీసుకోండి.