నలుగురిలో ఉండాలంటే భయం: తగ్గే మార్గం ఉందా?

ప్రశ్న (నల్లగొండ):
డిగ్రీ చదువుతున్న అమ్మాయిని. తరగతిలో లేచి మాట్లాడాలన్నా, పెళ్లిలో బంధువుల మధ్య బంతిలో కూర్చోవాలన్నా, అందరూ నన్నే చూస్తూ లోపాలు వెతుకుతున్నారనిపించి గుండె దడ పుడుతుంది. ఈ మధ్య ఫంక్షన్లకు వెళ్లడమే మానేశాను. ఏం చేయాలి?

జవాబు (మహబూబ్‌నగర్):
చెల్లీ, మనం అనుకున్నంతగా ఇతరులు మనల్ని గమనించరు. కార్నెల్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 2000లో ప్రచురించిన ప్రయోగంలో, సిగ్గనిపించే బొమ్మ ఉన్న టీషర్టు వేసుకొని గదిలోకి వెళ్లిన విద్యార్థులు, అక్కడున్నవారిలో దాదాపు సగం మంది దానిని గుర్తించి ఉంటారని అంచనా వేయగా, నిజంగా గుర్తించినవారు సుమారు నాలుగో వంతు మాత్రమే.

జవాబు (వనపర్తి):
అక్క చెప్పినది నిజమే కానీ, ఆ సంగతి తెలిసినంత మాత్రాన దడ ఆగదు. వెళ్లడం మానేసినప్పుడు కలిగే ఊరటే భయాన్ని పెంచి పోషిస్తుంది. ఎందుకంటే అనుకున్న అవమానం జరగదని తెలుసుకొనే అవకాశమే మనసుకు దొరకదు. అందుకే ఆలోచనలను, ప్రవర్తనను మార్చుకోవడానికి తోడ్పడే మానసిక చికిత్స అయిన కాగ్నిటివ్ బిహేవియర్ థెరపీలో తేలికైన సందర్భాలతో మొదలుపెట్టి, క్రమంగా కష్టమైనవాటిని ఎదుర్కొనేలా చేస్తారు. ముందు దగ్గరి బంధువుల ఇంటి చిన్న వేడుకకు వెళ్లి, కాసేపైనా కూర్చోండి. నెలల తరబడి ఇలాగే ఉండి చదువుకు అడ్డమవుతుంటే, 2022లో మొదలైన ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయవాణి టెలి మానస్ నంబరు 14416కు ఉచితంగా ఫోన్ చేసి తెలుగులోనే మాట్లాడవచ్చు.

ప్రశ్న అడిగినవారు:
ధన్యవాదాలు. ఇంట్లో చెప్పకుండా ఫోన్ చేయవచ్చా?

జవాబు (వనపర్తి):
చేయవచ్చు, వివరాలు గోప్యంగా ఉంచుతారు. అయినా ఇంట్లో నమ్మకమున్న ఒక్కరికైనా చెప్పండి.