గోరు కింద పోటు, వాపు లేదు, చీము లేదు, చన్నీళ్ళు తగిలితే మాత్రం ప్రాణం పోతోంది. ఇదేం నొప్పి?

సెమిలిగుడ_కోడలు

అందరికీ నమస్కారం. మాది కొరాపుట్ జిల్లా సెమిలిగుడ. నా ఎడమచేతి ఉంగరపు వేలికి గోరు కింద నొప్పి. ఇప్పటిది కాదు, కిందటేడు చలికాలానికి ముందు నుంచీ ఉంది. బయటికి ఏమీ కనిపించదు, వాపు లేదు, చీము లేదు, ఎరుపు కూడా లేదు. వెలుతురులో పెట్టి చూస్తే గోరు మొదట్లో కాస్త నీలంగా ఏదో ఉన్నట్టు నాకనిపిస్తుంది, మా ఆయన మాత్రం అది నీ భ్రమ అంటారు.

చెయ్యి ఊరికే ఉంటే ఏ బాధా లేదు. పొద్దున్నే ట్యాంకు నీళ్ళతో అంట్లు తోమేటప్పుడు చూడాలి, మోచేతి దాకా జివ్వున లాగేస్తుంది, కళ్ళల్లో నీళ్ళు తిరుగుతాయి. మా దగ్గర చలి ఎలా ఉంటుందో ఇటువైపు వాళ్ళకి చెప్పక్కర్లేదు. మార్గశిర గురువారాలకి ఇరుగుపొరుగు ఒడియా వాళ్ళు ఝోటి అని పిండి ముగ్గు వేస్తారు, మేమూ తెల్లారకముందే గడప కడిగి ముగ్గు పెడతాం, ఆ నెలంతా నాకు ఏడుపే. తలుపు గొళ్ళెం తగిలినా, పిల్లాడి బ్యాగు జిప్పు లాగినా సరిగ్గా అదే చోట పొడిచినట్టు ఉంటుంది. ఒక డాక్టరుగారు నరాల బలహీనత అని విటమిన్ మాత్రలు రాశారు. ఇంకొకాయన ఎక్స్‌రే తీయించి, అంతా బాగానే ఉంది, టెన్షన్ తగ్గించుకోండి అన్నారు. టెన్షన్ ఒక్క వేలికే వస్తుందా?

ఇంకో సంగతి కూడా అడిగేస్తాను. మా మావయ్యగారికి షుగరు. కాలి బొటనవేలు గోరు ఒక మూల లోపలికి దిగి మాంసంలో గుచ్చుకుంటోంది. ఆయనే బ్లేడుతో ఆ మూల కోసుకుంటారు, ఎంత చెప్పినా వినరు. ఇప్పుడు అక్కడ ఎర్రగా ఉబ్బి తడి ఊరుతోంది, ఆయనేమో నొప్పి పెద్దగా లేదంటూ పసుపు, వేపాకు నూరి కట్టుకుంటున్నారు. దానికేం చెయ్యాలి?

గుణుపురం_రాజు

చెల్లెమ్మా, నీ వేలిది గోరుచుట్టే అయ్యుంటుంది. నిమ్మకాయకి కన్నం పెట్టి, లోపల కాస్త ఉప్పు, పసుపు వేసి వేలు దూర్చి రాత్రంతా ఉంచు. మా అమ్మ మా అందరికీ అదే చేసేది. లోపల ఉన్నది తెల్లారేసరికి పక్వానికొచ్చి పగిలిపోతుంది.

బరంపురం_నర్సమ్మ

రాజుగారూ, నిమ్మకాయ కాసేపు పక్కన పెట్టండి. గోరుచుట్టు ఏడాది పాటు కనపడకుండా దాక్కోదు. అది వచ్చిందంటే గోరు పక్క చర్మం ఎర్రగా ఉబ్బి, ముట్టుకుంటే వేడిగా ఉండి, రాత్రి సలుపుతో నిద్ర పట్టదు, రెండు మూడు రోజుల్లో చీము తేలుతుంది. గోరు కొరికే అలవాటున్నవాళ్ళకి, గోరు పక్కన లేచిన తోలు పీక్కునేవాళ్ళకి, ముల్లో వెదురు పేడో గుచ్చుకున్నవాళ్ళకి వస్తుంది. ఆ సందులోంచి దూరేది ఎక్కువగా స్టెఫైలోకాకస్ అనే బ్యాక్టీరియా. మొదట్లోనే గోరువెచ్చని నీళ్ళలో రోజుకి మూడు నాలుగు సార్లు, 10 నుంచి 15 నిమిషాలు వేలు ముంచితే చాలాసార్లు అక్కడితోనే అణిగిపోతుంది. చీము పట్టాక మాత్రం డాక్టరు గోరు పక్క చర్మాన్ని కాస్త లేపి దాన్ని బయటికి తీయాల్సిందే. చీము లోపలుండగా ఎన్ని మాత్రలు మింగినా పెద్దగా పని చెయ్యవు. సూదితో ఇంట్లోనే పొడవడం, నిమ్మకాయలో నానబెట్టడం వల్ల నంజు వేలి కొస కండలోకి, ఎముకలోకి దిగిన కేసులు మా వార్డుకి వస్తూనే ఉంటాయి. ఇంకొకటి, చీముకి బదులు చిన్న చిన్న నీటి పొక్కులు గుత్తిగా లేస్తే అది హెర్పిస్ వైరస్ కావచ్చు. దాన్ని కోయకూడదు, దానికి మందు వేరే. మా నర్సులకీ, పళ్ళ డాక్టర్లకీ పేషెంట్ల నోటి నుంచి అంటుకునేది అదే.

నెలల తరబడి ఉండే గోరుచుట్టు కూడా ఒకటుంది, కాదనను. ఆరు వారాలు దాటితే దాన్ని దీర్ఘకాలికం కింద లెక్కేస్తారు. రోజంతా చేతులు నీళ్ళలో ఉండేవాళ్ళది అది. అంట్లు తోమేవాళ్ళు, చేపలు కోసేవాళ్ళు, నాట్లేసేవాళ్ళు. పలాస వైపు జీడిపిక్కలు కొట్టే ఆడవాళ్ళ చేతులు చూడండి, ఆ పెంకు నూనె తోలునే కాల్చేస్తుంది. గోరుకీ చర్మానికీ మధ్య అతుకు ఊడిపోయి సందు పడుతుంది, ఆ సందులోకి నీళ్ళూ సబ్బూ దిగుతూ ఉంటాయి. అందరూ ఫంగస్ అనుకుని క్రీములు రాస్తారు. అసలు కావలసింది చెయ్యి పొడిగా ఉండటం, లోపల నూలు గ్లవ్స్ వేసుకుని పైన రబ్బరు గ్లవ్స్ తొడుక్కోవడం, డాక్టరు రాస్తే వాపు తగ్గించే స్టెరాయిడ్ పూత. అందులో కూడా గోరు చుట్టూ ఉబ్బు కనిపిస్తుంది, గోరు మీద అడ్డగీతలు పడతాయి. మీకు అవేవీ లేవు కదా.

సెమిలిగుడ చెల్లీ, ఒకటి చేసి చూడండి. గుండుసూది తీసుకుని, మొనతో కాదు, గుండ్రటి తలతో గోరు మీద కొంచెం కొంచెంగా జరుపుతూ మెల్లగా నొక్కండి. గోరంతా నొప్పా, లేక ఒక్క బిందువు దగ్గర ఎగిరిపడి, దాని పక్కనే నొక్కితే ఏమీ లేదా? అది చెప్పండి.

రాయగడ_లక్ష్మి

నర్సమ్మగారు ఎటు వెళ్తున్నారో నాకర్థమైంది, ఎందుకంటే నాకు వచ్చింది అదే. చెల్లీ, నీ పోస్టు చదువుతుంటే నా సంగతి ఎవరో రాసినట్టుంది. నాది కుడిచేతి చూపుడు వేలు. చల్లదనానికి ఓర్చుకోలేకపోవడం, ఒకే చుక్క దగ్గర పొడుపు, తగిలితే గిలగిల్లాడిపోవడం, ఈ మూడూ కలిసి ఉంటే గ్లోమస్ ట్యూమర్ ఉందేమో చూడాలి. ట్యూమర్ అనగానే గుండె జారిపోనక్కర్లేదు, ఇది దాదాపు ఎప్పుడూ క్యాన్సర్ కాదు. మన వేళ్ళ కొసల్లో, గోళ్ళ కింద, గ్లోమస్ అని చిన్న రక్తనాళాల ముడులుంటాయి. చలికీ వేడికీ తగ్గట్టు అక్కడ రక్తం ఎంత పారాలో చూసుకోవడం వాటి పని. వాటిలో ఒకటి పెరిగి గింజంత అవుతుంది, చాలాసార్లు కొన్ని మిల్లీమీటర్లే. గోరుకీ ఎముకకీ మధ్య దానికి జాగా ఎక్కడిది? అందుకే అంత నొప్పి. ఎక్కువగా 30 నుంచి 50 ఏళ్ళ మధ్య ఆడవాళ్ళకే వస్తుంది.

ఎక్స్‌రే బాగుందన్నారంటే అందులో ఆశ్చర్యం లేదు. అది మెత్తటి కండ, ఎక్స్‌రేలో కనపడదు. చాలాకాలం నొక్కుకుని ఎముక మీద గుంట పడితేనే తెలుస్తుంది. మామూలుగా ఎంఆర్ఐలో బయటపడుతుంది, చెయ్యి తిరిగినవాళ్ళు చేస్తే అల్ట్రాసౌండ్ స్కానింగ్‌లో కూడా. నాకు చూసిన డాక్టరుగారు ముందు చేసింది మాత్రం ఖర్చులేని పరీక్ష. బీపీ చూసే పట్టీ జబ్బకి కట్టి గాలి నింపి చేతికి రక్తం ఆపేశారు, అప్పుడు అదే చోట నొక్కితే నొప్పి లేదు, గాలి వదలగానే మళ్ళీ మొదలు. అన్నాళ్ళూ నేను అబద్ధం చెప్పట్లేదని మా ఇంట్లోవాళ్ళకి అప్పుడు నమ్మకం కుదిరింది. ఎడిన్‌బరోలో విలియం వుడ్ అనే సర్జను ఈ నొప్పి గడ్డ గురించి 1812లోనే రాశాడట, ఇంకా మనకి విటమిన్ మాత్రలే రాస్తున్నారు చూడండి.

మందులతో పోదు, ఆపరేషనే. వేలికి మాత్రమే మత్తిచ్చి, గోరు లేపి, ఆ గింజ తీసేసి, గోరు కింద ఉండే మెత్తటి పొరని కుట్టేస్తారు. నేను అదేరోజు ఇంటికొచ్చేశాను. మొత్తంగా తీస్తే నొప్పి పోతుంది, కొంచెం మిగిలిపోతే మళ్ళీ వస్తుంది, అందుకే చేతి ఆపరేషన్లు చేసే సర్జను దగ్గరికి వెళ్ళడం మంచిది. గోరు మళ్ళీ వస్తుంది కానీ ఓపిక పట్టాలి, చేతి గోరు నెలకి మూడు మిల్లీమీటర్లే పెరుగుతుంది. నాకు గోరు మధ్యలో సన్న గీత ఒకటి మిగిలింది. మిగిలితే మిగిలింది.

పర్లాకిమిడి_మందులకొట్టు

వేలి సంగతి పెద్దవాళ్ళు చెప్పారు, నేను మీ మావయ్యగారి కాలు గురించి రాస్తాను, నిజానికి ఈ రెండిట్లో తొందర పడాల్సింది దానికే. షుగరు ఉన్న మనిషి పుండు చూపించి నొప్పి లేదంటే ఊరట పడకండి. నరాలు మొద్దుబారితే నొప్పి తెలియదు. లోపల ఎముక దాకా పాకినా పైకి కాస్త తడిగానే కనిపిస్తుంది. ఆ బ్లేడు ఇవాళే దాచేయండి. పసుపు, వేపాకు ముద్ద కూడా ఆపండి, దాని కింద పుండు ఏ రంగు మారుతోందో ఎవరికీ కనపడదు. పైన గోరువెచ్చని నీళ్ళు అన్నారు కదా, అది ఈయనకి పెట్టకండి, ఎంత వేడో కాలికి తెలియక బొబ్బలెక్కించుకున్నవాళ్ళని చాలామందిని చూశాను. శుభ్రమైన నీళ్ళతో కడిగి, తడి అద్ది, పొడి గుడ్డ కట్టి, రేపే సర్జరీ డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళండి. షుగరు ఎంతుందో, పాదంలో నాడి బాగా కొట్టుకుంటోందో చూసి, అవసరమైతే ఎక్స్‌రే తీస్తారు. ఎరుపు పాదం మీదికి పాకినా, జ్వరం వచ్చినా, వేలు నల్లబడినా రేపటి దాకా కూడా ఆగొద్దు.

షుగరు లేనివాళ్ళకయితే లోపలికి దిగిన గోరు మొదట్లో సులువే. మూల కింద చిన్న దూది పేలిక దూర్చి గోటిని పైకి ఉంచడం, ముందు భాగం వెడల్పుగా ఉండే చెప్పులు వేసుకోవడం. మాటిమాటికీ తిరగబెడితే ఆ పక్క గోటి పీలిక మాత్రం తీసి వేరు దగ్గర ఫినాల్ అనే రసాయనం పూస్తారు, ఆ అంచు మళ్ళీ మొలవదు. దీన్ని తెచ్చిపెట్టేది మూలలు గుండ్రంగా, లోతుగా కోసుకునే అలవాటే. గోరు అడ్డంగా, తిన్నగా కోయాలి.

మా కొట్టుకి వచ్చేవాళ్ళలో సగంమంది గోరు నొప్పి అనగానే ఫంగస్ మాత్రలు అడుగుతారు. ఫంగస్ పట్టిన పిప్పిగోరు పసుపుపచ్చగా మందమెక్కి పొడిలా రాలుతుంది, బాగా ముదిరి చెప్పుకి ఒరుసుకుంటే తప్ప నొప్పి ఉండదు. దానికి వాడే టెర్బినఫిన్ మాత్ర 250 మిల్లీగ్రాములు చేతి గోళ్ళకి ఆరు వారాలు, కాలి గోళ్ళకి పన్నెండు వారాలు వాడాలి, అంతకుముందు లివర్ పరీక్ష చేయించుకోవాలి, కాబట్టి చీటీ లేకుండా నేనివ్వను. ఇంకోటి, స్క్రబ్ టైఫస్ జ్వరానికి డాక్సీసైక్లిన్ అనే యాంటీబయాటిక్ వాడుతూ ఎండలో పని చేస్తే కొందరికి గోళ్ళు నొప్పెట్టి కొస నుంచి లేచిపోతాయి. పొలం పనివాళ్ళకి ఇది ముందే చెప్పాలి.

జైపూర్_సత్తిబాబు

సందట్లో నాదీ అడుగుతాను. నిన్న సాయంత్రం సిమెంటు ఇటుక కాలి బొటనవేలు మీద పడింది. గోరంతా నల్లగా అయిపోయి టకటకమని పోటు. మా మేస్త్రీ సూది కాల్చి గోటికి కన్నం పెడితే రక్తం పోతుందంటున్నాడు. పెట్టించుకోనా?

బరంపురం_నర్సమ్మ

మేస్త్రీ చేత వద్దు బాబూ. ఆయన చెప్పిన పద్ధతి తప్పు కాదు, ఆసుపత్రిలో మేం చేసేదీ అదే, కానీ శుభ్రంగా, ఎముక విరిగిందో లేదో ఎక్స్‌రే చూసుకుని చేస్తాం. గోరు కింద రక్తం గూడు కట్టి ఒత్తుతోంది కాబట్టి ఆ పోటు, కన్నం పడగానే హాయిగా ఉంటుంది. మొదటి 48 గంటల్లో అయితేనే ప్రయోజనం, తర్వాత రక్తం గడ్డకట్టేస్తుంది, కాబట్టి ఇవాళే వెళ్ళండి. ఈలోగా కాలు ఎత్తు మీద పెట్టుకుని, గుడ్డలో ఐసు చుట్టి పెట్టండి. చర్మం చిట్లి ఉంటే టీటీ ఇంజెక్షన్ సంగతి కూడా అడగండి.

అందరికీ కలిపి ఒకమాట. దెబ్బ తగిలిన నలుపు గోరుతో పాటు ముందుకి జరుగుతుంది. కాలి గోరు పూర్తిగా మారడానికి ఏడాది నుంచి ఏడాదిన్నర పడుతుంది కాబట్టి మెల్లగానే జరుగుతుంది, జరగడం మాత్రం జరగాలి. అలా కాకుండా ఒక నల్లటి చార గోరు మొదటి నుంచి కొస దాకా నిలువుగా ఉండి, వెడల్పవుతూ, నలుపు పక్క చర్మంలోకి కూడా దిగుతుంటే వెంటనే చర్మ డాక్టరుకి చూపించాలి, అది మెలనోమా అనే చర్మ క్యాన్సర్ కావచ్చు. పాటగాడు బాబ్ మార్లే కాలి బొటనవేలి గోరు కింద నలుపుని ముందు ఫుట్‌బాల్ దెబ్బే అనుకున్నారు. 1977లో క్యాన్సర్ అని తేలింది, 1981లో పోయాడు.

సెమిలిగుడ_కోడలు

నర్సమ్మగారూ, గుండుసూది తలతో చూశాను. గోరు మొదటికి కొంచెం పైన ఒక్కచోట, కెవ్వున అరిచాను. పక్కన ఎక్కడ నొక్కినా ఏమీ లేదు. మా ఆయన పక్కనే ఉండి చూశారు, ఇంక భ్రమ అనట్లేదు. మావయ్యగారిని కొరాపుట్ పెద్దాసుపత్రికి తీసుకెళ్ళాం, చీము తీసి కట్టు కట్టారు, ఎముకకి ఏమీ లేదట, షుగరే బాగా ఎక్కువుందని మందులు మార్చారు. పర్లాకిమిడి అన్నగారికి చాలా థాంక్స్, బ్లేడు అత్తయ్య బియ్యం డబ్బాలో దాచేశారు. నా వేలికి సాలూరు ఘాటీ దిగి విశాఖ వెళ్దామనుకుంటున్నాం. లక్ష్మక్కా, అక్కడ ఏ డాక్టరు అని అడగాలి? మళ్ళీ విటమిన్లే రాస్తే ఏం చెయ్యను?

రాయగడ_లక్ష్మి

ఎముకల డాక్టరు గానీ ప్లాస్టిక్ సర్జను గానీ, వాళ్ళలో చేతి ఆపరేషన్లు చేసేవారు ఎవరని అడుగు. లోపలికి వెళ్ళగానే నరాలు, టెన్షన్ కథ మొదలుపెట్టకు. చన్నీళ్ళు తగిలితే నొప్పి, ఒకే చుక్క దగ్గర నొప్పి, ఇది గ్లోమస్ ట్యూమరేమో చూడండి అని సూటిగా చెప్పు. ఆ గుండుసూది పట్టుకెళ్ళి ఆయన ముందే నొక్కించు. గోరింటాకు, నెయిల్ పాలిష్ ఏమీ పెట్టుకోకు, ఆ నీలం మచ్చ కనపడాలి. పాత ఎక్స్‌రే తీసుకెళ్ళు. ఎంఆర్ఐ రాస్తే ఎక్కడ చేయిస్తే వేలికి విడిగా, దగ్గరగా తీస్తారో డాక్టరునే అడుగు, చెయ్యంతటికీ కలిపి తీస్తే అంత చిన్నది తప్పిపోవచ్చు. ఆపరేషన్ అంటే మాత్రం మార్గశిరం రాకముందే చేయించేసుకో, కుట్లు తడవకుండా కొన్నాళ్ళు ముగ్గూ అంట్లూ మీ ఆయనకి అప్పజెప్పు.