అప్‌డేట్: గోళీ, కడియం రేసు చేసి చూశా

మొన్న అడిగా కదా, వాలు చెక్క మీద గోళీ, స్టీల్ కడియం కలిపి వదిలితే రెండూ ఒకేసారి ఎందుకు దిగవని, నేనేమో ఎమ్‌జీహెచ్ ఈక్వల్స్ అర ఎమ్‌వీ స్క్వేర్ (ఎత్తు వల్ల వచ్చిన ఎనర్జీ అంతా ముందుకు కదిలే ఎనర్జీగా మారుతుందని) అని రాసేసి ఒకటే స్పీడ్ అనుకున్నా. తిరగడానికి పోయే ఎనర్జీ లెక్కలోనే వేయలేదు, ఆ తిరిగే ఎనర్జీకి ఫార్ములా అయిన అర ఐ ఒమేగా స్క్వేర్ మర్చిపోయా, రిప్లైల్లో మీరు చెప్పిందే కరెక్ట్.

నిన్న మేడ మీద 150 సెంటీమీటర్ల పలక పెట్టి, ఒక చివర 15 సెంటీమీటర్లు ఎత్తి, ఫోన్‌లో స్లో మోషన్ తీశా. గోళీ కిందికి చేరేసరికి కడియం ఇంకా దాదాపు మూరెడు వెనకే ఉంది! లెక్కలోనూ అంతే వస్తోంది, గోళీకి మొత్తం ఎనర్జీలో 7లో 2 వంతులే తిరగడానికి పోతాయి, కడియానికి సగం పోతుంది. బరువుతో సంబంధమే లేదు, పెద్ద గోళీ చిన్న గోళీ కలిసే దిగాయి (మా తమ్ముడు ఇంకా నమ్మట్లేదు).

ఫ్రిజ్‌లో గడ్డకట్టిన కొబ్బరినూనె సీసా, కరిగిన నూనె సీసా కూడా దొర్లించా, కరిగిందే కొంచెం ముందొచ్చింది, లోపల నూనె సీసాతో పాటు పూర్తిగా తిరగదు కాబట్టి. అమ్మ తిట్టింది, మూత సరిగ్గా పెట్టలేదు.