‘ఆదిలె తెయ్‌జె’ని తెలుగులో ఏమని పిలుద్దాం?

టర్కీ నటి ఆదిలె నాషిత్‌ని అక్కడి పిల్లలు ‘తెయ్‌జె’ అని పిలిచేవారు, ఇంగ్లీషు సబ్‌టైటిల్స్‌లో ‘ఆంట్’ అని ఉంది, మనం ‘అత్త’ అనేయొచ్చా అని గుంపులో ఒకరు అడిగారు.

వద్దండీ. టర్కిష్‌లో తెయ్‌జె అంటే అమ్మకి అక్క లేదా చెల్లెలు. నాన్న అక్కనో చెల్లెలినో ‘హల’ అంటారు. మనకు పిన్ని వేరు, మేనత్త వేరు కదా, అలాగే. ఇంగ్లీషు మీదుగా వస్తే ఈ తేడా పోతుంది. కాకపోతే అమ్మకి అక్కైనా చెల్లెలైనా వాళ్లకి తెయ్‌జే. 1980లలో టీవీలో పిల్లలకి నిద్రవేళ కథలు చెప్పేనాటికి ఆవిడకి యాభై దాటాయి కాబట్టి ‘పెద్దమ్మ’ అన్నా తప్పులేదు. నేను మాత్రం ‘పిన్ని’ అంటాను, అందులో చనువు ఎక్కువ.

ఇంకో పిలుపు ‘హాఫిజె అన’. 1975లో వచ్చిన ‘హబాబమ్ సినిఫి’ సినిమాలో ఆవిడది బడిలో గంట కొట్టే మనిషి పాత్ర. అల్లరి పిల్లల్ని కాచుకునేది ఆవిడే. ‘అన’ అంటే అమ్మ. ఇంట్లో పిలిచే ‘అన్నె’ కన్నా పాతకాలపు, పల్లె వాసన ఉన్న మాట. పేరు చివర చేరితే గౌరవం. దీనికి మన బడుల్లోని ‘ఆయమ్మ’ని మించిన మాట నాకు దొరకలేదు.

ఈ రెండు పిలుపుల్లోనే ఆవిడ నటజీవితం చాలావరకు ఉంది. 1930లో ఇస్తాంబుల్‌లో రంగస్థల కుటుంబంలో పుట్టారు, తండ్రి పేరున్న హాస్యనటుడు. 1966లో కొడుకు చనిపోయాడు. ఆ తర్వాత పదేళ్లు తిరక్కుండానే తెర మీద అందరికీ అమ్మ అయ్యారు. మునీర్ ఒజ్‌కుల్ భర్తగా, ఆవిడ భార్యగా వరసగా కుటుంబ హాస్యచిత్రాలు వచ్చాయి. 1978 నాటి ‘నెషెలి గ్యున్‌లెర్’లో ఊరగాయ నిమ్మరసంతో పెట్టాలా, వెనిగర్‌తో పెట్టాలా అన్న గొడవతో ఈ జంట విడిపోతుంది! ఎక్కువగా సహాయ పాత్రలే చేసినా, 1976లో అంతాల్యా చిత్రోత్సవంలో ఉత్తమ నటి బహుమతి అందుకున్నారు. 1987లో పోయారు.

అసలు చిక్కు టీవీలో పిల్లల్ని ఆవిడ పిలిచే మాటతో. ‘కుజుజుక్‌లరమ్’. కుజు గొర్రెపిల్ల, జుక్ ముద్దుకి, లర్ బహువచనానికి, చివరి అమ్ ‘నా’ అనడానికి. తెలుగులాగే ప్రత్యయాలు ఒకదాని వెనక ఒకటి అతుక్కున్నాయి, కాకపోతే మనకి ముందొచ్చే ‘నా’ వాళ్లకి చివరికి వెళ్లింది. ‘నా బుజ్జి గొర్రెపిల్లల్లారా’ అంటే అర్థం సరిపోతుంది కానీ ముద్దు పోతుంది. తెలుగులో ‘గొర్రె’ తిట్టు కూడా. మనం ముద్దొస్తే పిల్లల్నే అమ్మా నాన్నా అంటాం కాబట్టి ‘నా చిట్టితల్లుల్లారా, బుజ్జితండ్రుల్లారా’ అని రాస్తాను. నిడివి ఎక్కువే, సబ్‌టైటిల్‌లో పట్టదు. ఒక్క మాటలో ఇమిడేది మీ వైపు ఏదైనా వాడుకలో ఉంటే చెప్పండి.