తాళాల పని చేసేవాళ్లు ముందు ఏది నేర్చుకోవాలి: స్మార్ట్ లాకా, కారు కీలా?

ప్రశ్న:
డూప్లికేట్ కీలు కోయడం, ఇరుక్కుపోయిన తాళాలు తీయడం నా పని. మామూలు కీల కోసం వచ్చేవాళ్లు బాగా తగ్గారు. కొత్త ఇళ్లకు వేలిముద్ర తాళాలు, కార్లకు చిప్ కీలు. నిజంగా టెన్షన్‌గా ఉంది. చేతిలో డబ్బు కొంచెమే, ముందు దేనిమీద పెట్టాలి?

జవాబు:
స్మార్ట్ లాకే అన్నా. మీ డ్రిల్లు, ఉలి, స్క్రూడ్రైవర్లతోనే చాలావరకు పనైపోతుంది. కారు కీ అలా కాదు, 1990ల నుంచి వస్తున్న ఇమ్మొబిలైజర్ (దొంగతనం జరగకుండా ఇంజిన్‌ని ఆపే ఏర్పాటు) వల్ల కీ ఎంత బాగా కోసినా అందులోని చిప్‌ని బండి గుర్తుపట్టకపోతే ఇంజిన్ స్టార్ట్ అవ్వదు. దానికి ప్రోగ్రామింగ్ మెషిన్ కొనాలి, కొత్త మోడళ్లు వచ్చేకొద్దీ సాఫ్ట్‌వేర్ అప్‌డేట్లకీ ఖర్చవుతుంది. అది తర్వాత చూసుకోవచ్చు.

మరో జవాబు:
స్మార్ట్ లాక్ అంటే అంతా ఎలక్ట్రానిక్స్ అని భయపడకండి. బ్యాటరీ ఊరికే అయిపోతోందని ఎవరైనా పిలిస్తే ముందు తలుపు చూడండి. తలుపు కాస్త దిగి, గడియ ద్వారబంధంలోని రంధ్రానికి సరిగ్గా ఎదురుగా రాకపోతే, మామూలు తాళమైతే మనం తలుపు నొక్కిపట్టి వేసేస్తాం, స్మార్ట్ లాక్‌లోని మోటారు మాత్రం రాసుకుంటూనే తోస్తుంది, వేసిన ప్రతిసారీ. బందుల స్క్రూలు బిగించి, గడియ చేత్తో తేలిగ్గా కదిలాకే లాక్ బిగించండి. తలుపు సర్దడం యాప్ నేర్పదు, అది మీ చేతిలో ఉన్న విద్య, దానికి తగ్గ కూలి అడగండి. బ్యాటరీలు కూడా మాన్యువల్‌లో చెప్పినవే వేయాలి. ఆల్కలైన్ (ఒకసారి వాడి పారేసే) సెల్ 1.5 వోల్టులు, రీఛార్జబుల్ ఎక్కువగా 1.2 కాబట్టి కొన్ని లాకులు ఛార్జి ఉండగానే బ్యాటరీ తక్కువని చూపిస్తాయి.

ప్రశ్న అడిగినవారు:
బ్యాటరీ పూర్తిగా అయిపోయి బయట ఉండిపోతే? డ్రిల్ చేయాల్సిందేనా?

జవాబు:
వద్దు, అది చిట్టచివరి మాట. చాలా మోడళ్లలో మూత కింద కీ రంధ్రం దాగి ఉంటుంది, లేదంటే కింది అంచున రెండు చిన్న లోహపు బిందువులు ఉంటాయి, వాటికి 9 వోల్టుల బ్యాటరీ ఆనిస్తే కోడ్ కొట్టేంతసేపు ప్రాణం వస్తుంది. కొన్నిటికి ఛార్జర్ పోర్టు ఉంటుంది. ఎవరో తెలియనివాళ్లు పిలిస్తే ఆ ఇల్లు వాళ్లదేనని ఆధారం చూశాకే చెయ్యి పెట్టండి.

ఇంకొకటి, కొత్త లాక్ బిగించాక అడ్మిన్ కోడ్ (లాక్ సెట్టింగులు మార్చే కోడ్) యజమానితోనే పెట్టించి మీరు పక్కకు జరగండి. టెస్టింగ్‌కి మీ వేలిముద్ర ఎక్కించి ఉంటే వాళ్ల ముందే తీసేయండి.