1962 సోదాలు హొసే డియోక్నో పేరుకు మచ్చేనా?

లా_విద్యార్థి:
ఫిలిప్పీన్స్‌లో హొసే డియోక్నో అంటే మానవ హక్కుల లాయరు అని అందరూ గౌరవంగా చెప్పుకుంటారు. 1972లో అధ్యక్షుడు మార్కోస్ మార్షల్ లా (సైనిక పాలన) పెట్టగానే సెనేటర్‌గా ఉన్న ఆయన్ని పట్టుకెళ్లి, ఏ కేసూ పెట్టకుండా దాదాపు రెండేళ్లు లోపలే ఉంచారు. నాకు మింగుడుపడనిది మాత్రం అంతకు పదేళ్ల ముందు సంగతి. 1962 మార్చిలో న్యాయమంత్రిగా ఉండి హ్యారీ స్టోన్‌హిల్ అనే అమెరికన్ వ్యాపారి ఆఫీసుల్లో, ఇళ్లలో సోదాలు చేయించారు. మొత్తం 42 వారెంట్లు. ఫలానా నేరం అని లేదు, లెక్కల పుస్తకాలు, ఉత్తరాలు, రసీదులు ఏవి కనిపిస్తే అవి తెచ్చేయమన్నట్టు రాశారు. 1967లో అక్కడి సుప్రీం కోర్టు ఆ వారెంట్లు చెల్లవంది. మరి ఈయన్ని హక్కుల యోధుడు అనడం సబబేనా?

పాత_ప్లీడరు:
బాబూ, అప్పటి పరిస్థితి కూడా చూడాలి. స్టోన్‌హిల్ డబ్బు పెద్ద పెద్ద నాయకుల దాకా వెళ్లిందని దేశమంతా చెప్పుకున్న రోజులవి. అంత పలుకుబడి ఉన్నవాడి మీద చెయ్యి వేయడానికి గుండె కావాలి. దానికి డియోక్నోకి దక్కిందేమిటి? మే నెలకల్లా పదవి పోయింది. అధ్యక్షుడు మకపగాల్ ఆ వ్యాపారి మీద విచారణ నడిపించకుండా దేశం నుంచి పంపించేశాడు. పైగా వారెంట్లు ఇచ్చింది జడ్జీలు, మంత్రి కాదు. మరుసటి ఏడాదే జనం ఆయన్ని సెనేట్‌కి పంపారు.

బెజవాడ_అడ్వొకేట్:
ప్లీడరు గారూ, మీ అనుభవం మీద గౌరవం ఉంది కానీ ఇది ఒప్పుకోలేను. జడ్జీలు ఇచ్చారు సరే, అడిగిందెవరు? 1944 బార్ పరీక్షలో హోవితో సలోంగా అనే మరో లాయరుతో సమానంగా మొదటి స్థానం తెచ్చుకున్న మనిషికి, అంతకుముందే అకౌంటెన్సీ పరీక్షలోనూ ఫస్ట్ వచ్చిన మనిషికి, ఏ పుస్తకంలో ఏం వెతకాలో తెలియదా? తెలుసు. అయినా వల వేసినట్టు అడిగారు. అది తప్పే, అవతలివాడు ఎంత చెడ్డవాడైనా తప్పే.

కానీ తమ్ముడూ, నువ్వు అక్కడితో ఆగిపోతున్నావు. ఆ తీర్పు ఏం చేసిందో చూడు. అక్రమంగా తెచ్చిన సాక్ష్యమైనా కోర్టులో వాడుకోవచ్చని 1948 నుంచి అక్కడ నడుస్తున్న పద్ధతిని కొట్టేసింది. ఇళ్లలో దొరికిన కాగితాలు వాడకూడదంది (కంపెనీ ఆఫీసుల కాగితాల విషయంలో మాత్రం అభ్యంతరం చెప్పే హక్కు కంపెనీలదే గానీ స్టోన్‌హిల్ బృందానిది కాదంది). తర్వాత 1973, 1987 రాజ్యాంగాలు రెండింటిలోనూ ఆ సూత్రం రాసుకున్నారు. 1974లో జైలు నుంచి బయటికొచ్చాక డియోక్నో, మాజీ సెనేటర్ తన్యాద, ఇంకొందరు కలిసి ఫ్లాగ్ అనే లాయర్ల సంఘం పెట్టి, డబ్బు తీసుకోకుండా మార్షల్ లా బాధితుల కేసులు వాదించారు. అంటే తన మీద వచ్చిన తీర్పులోని సూత్రమే ఆయన క్లయింట్లకు రక్షణగా నిలబడింది.

మనకు ఆ రక్షణ కూడా లేదు. 1973 డిసెంబరులో పూరన్ మల్ కేసులో మన సుప్రీం కోర్టు, సోదా అక్రమమైనా దొరికిన సాక్ష్యం పనికొస్తుందంది. ఈ రోజుకీ మా క్లయింట్ల ఇళ్లలో సోదా జరిగితే మాకు టెన్షన్ అందుకే.

లా_విద్యార్థి:
అక్కా, తీర్పు మంచిదని ఒప్పుకుంటాను, అది కోర్టు గొప్పతనం. మనిషి మారాడని ఎలా నమ్మాలి?

బెజవాడ_అడ్వొకేట్:
ఆయన వదులుకున్నవి చూసి నమ్ము. 1971లో మనీలాలోని ప్లాజా మిరాండాలో ప్రతిపక్ష సభ మీద బాంబు దాడి తర్వాత మార్కోస్ హెబియస్ కార్పస్‌ను (పట్టుకెళ్లినవాణ్ని కోర్టు ముందు పెట్టమని అడిగే హక్కును) నిలిపేస్తే, మార్కోస్ ఉన్న నాసియొనలిస్టా పార్టీ నుంచే బయటికొచ్చేశారు. మార్కోస్ దిగిపోయి కొరజోన్ అకీనో అధ్యక్షురాలయ్యాక ప్రభుత్వ మానవ హక్కుల కమిటీకి అధ్యక్షుడయ్యారు, అప్పటికే క్యాన్సర్‌తో ఉన్నారు. 1987 జనవరి 22న మనీలాలోని మెండియోలా వీధిలో భూమి కోసం ఊరేగింపుగా వచ్చిన రైతుల మీద కాల్పులు జరిగాయి, మనుషులు చనిపోయారు. తాను ఎదురుచూసిన ప్రభుత్వమే అది, అయినా ఆ పదవిలో ఉండలేదు, రాజీనామా చేశారు. ఫిబ్రవరి 27న పోయారు.

పాత_ప్లీడరు:
వారెంట్ల విషయంలో నా మాట వెనక్కి తీసుకుంటున్నానమ్మా. అడిగినవాడిదీ బాధ్యతే. స్టోన్‌హిల్‌ని విచారించకుండా పంపేయడం మాత్రం అంతకంటే పెద్ద తప్పని ఇప్పటికీ అంటాను.