స్కూల్ ఐడల్ డ్రెస్సు మీద పిల్లలకు ఎందుకంత ఇష్టం?

బీచ్‌రోడ్డు అమ్మ:
మాది విశాఖ, ఎంవీపీ కాలనీ. మా పాప తొమ్మిదో తరగతి. యాన్యువల్ డేకి ఐదుగురు కలిసి ‘లవ్ లైవ్’ అనే జపాన్ కార్టూన్ సీరియల్‌లోలా స్కూల్ ఐడల్స్‌గా, అంటే బడి తరఫున పాడుతూ డాన్సు చేసే జట్టుగా, స్టేజి ఎక్కుతారట. వీపు మీదికి పడే వెడల్పు కాలరు, ముందు బో, కుచ్చుల స్కర్టు. రోజూ వేసుకునే యూనిఫాం అంటేనే మొహం చిట్లించే పిల్ల, దీనికోసం రాత్రి పదకొండింటి దాకా బొమ్మలు గీస్తోంది. అద్దెకు తెస్తానంటే వద్దంది, తామే కుట్టుకుంటారట. అందులో ఏముందో చెప్పండి. మానిపించాలని కాదు, దాని సంతోషం నాకూ తెలియాలని.

కొండమీద వాన:
అక్కా, తామే కుట్టుకుంటామనడంలోనే అంతా ఉంది. మామూలు ఐడల్స్, అంటే జపాన్ పాప్ గాయకుల వెనక కంపెనీ ఉంటుంది. స్కూల్ ఐడల్స్‌కు పాట రాసేది, స్టెప్పులు చెప్పేది, బట్టలు కుట్టేది పక్క బెంచీ పిల్లే. 2013లో మొదలైన ‘లవ్ లైవ్’ యానిమే(జపాన్ కార్టూన్)లో, చేరేవాళ్ళు లేక బడి మూతపడబోతుంటే, దాన్ని నిలబెట్టాలని ముగ్గురు మొదలుపెట్టి తొమ్మిదిమంది అవుతారు. దాని తర్వాత 2016లో వచ్చిన ‘లవ్ లైవ్ సన్‌షైన్’ అయితే మన ఊరివాళ్ళకు ఇంకా దగ్గర. నుమజు అనే సముద్రపు ఊళ్ళో జరుగుతుంది. అందులో డ్రెస్సులు కుట్టే యో వాళ్ళ నాన్న ఫెర్రీ కెప్టెన్. ఎంత ఆడినా వాళ్ళ బడి నిలవదు. ఇక బడి పేరైనా మిగలాలని స్కూల్ ఐడల్స్ పోటీలో గెలవడానికి పాడి ఆడతారు. నేను ఐదు దాకా చదివిన బడికీ పిల్లలు లేరని తాళం వేశారు. ఆ ఎపిసోడ్ చూస్తూ వెక్కివెక్కి ఏడ్చాను.

అల్లిపురం టైలర్:
అమ్మా, ఆ కాలరు నావికుల యూనిఫాందే. జపాన్‌లో 1920లలో ఆడపిల్లల బళ్ళలోకి వచ్చింది. స్కర్టుకి నడుము కొలతకు మూడింతల గుడ్డ కావాలి. ఉత్త కాటన్ వద్దు, మన ఉక్కపోతకు రెండు పాటలయ్యేసరికి కుచ్చులు విడిపోతాయి. టెరీకాటన్ తీసుకోండి. కుచ్చులకు ముందు పొడుగు కుట్లు వేసి, తడిగుడ్డ పరిచి ఇస్త్రీ చేసి, పూర్తిగా ఆరాకే ఆ కుట్లు విప్పాలి. కాలరులో బక్రమ్ (బిరుసుగా ఉండే లోపలి గుడ్డ) పెట్టొద్దు, చేతులెత్తినప్పుడు వీపు మీద పలకలా లేస్తుంది. తెల్ల టేపు ముందే కుట్టేసి, తర్వాత కాలరును మెడకు వెయ్యండి.

బీచ్‌రోడ్డు అమ్మ:
పూర్ణా మార్కెట్‌కి వెళ్ళి ఎనిమిది మీటర్లు తెచ్చాం. ‘సన్‌షైన్’ కూడా పాపతో కూర్చుని మొదలుపెట్టాను. మొదటి కాలరు మీద టేపు ఒకవైపు వంకరపోయింది. విప్పి నేను కుడతానంటే పాప మిషను దగ్గర్నుంచి లేవలేదు.